జాబితాలో పేరుంది, ఇంకేం కావాలి?

ఓటర్ల జాబితాలో నా పేరుంది కాబట్టి నేను బుద్ధిమంతుణ్ణి అంటూ ఎవడైనా పెళ్ళిసంబంధానికి వెళ్తే, అమ్మాయి తండ్రి కుర్చీ కూడా వెయ్యడు. ఆ జాబితాలో దొరలుంటారు, దొంగలుంటారు, కిందటేడు పోయిన తాతగారూ ఉంటారని ఆయనకు తెలుసు. అదే తండ్రి, కొడుకుని డాక్టరు చదువుకి విదేశం పంపే రోజున మాత్రం, జాబితాలో పేరున్న కాలేజీకి కుర్చీ వేసి, కాఫీ ఇచ్చి, పొలం కాగితాలు బ్యాంకులో పెట్టి తెచ్చిన పాతిక లక్షలు చేతిలో పెడతాడు. రసీదు కూడా అడగడు.

ఆ జాబితా పేరు వరల్డ్ డైరెక్టరీ ఆఫ్ మెడికల్ స్కూల్స్. నిజం చెప్పాలంటే చాలా పద్ధతైన జాబితా. దాని మీద నాకే కోపమూ లేదు. దాన్ని అడ్డం పెట్టుకుని మన ఊళ్ళలో సాగుతున్న వ్యాపారం మీదే నా కోపమల్లా.

1953లో ప్రపంచ ఆరోగ్య సంస్థ దీన్ని మొదటిసారి అచ్చువేసింది. ఉద్దేశం చిన్నదే. ఒక దేశంలో చదివిన డాక్టరు ఇంకో దేశంలో పట్టా చూపించి ఉద్యోగం అడిగితే, పట్టా మీదున్న కాలేజీ భూమ్మీద ఉందా, పట్టా అచ్చేసినవాడి బుర్రలో మాత్రమే ఉందా అని తేల్చుకోవడానికి గుమాస్తా బల్ల మీద ఒక పుస్తకం కావాలి. అంతకు మించి అది ఏమీ చెయ్యనని మొదటే ఒప్పుకున్న పుస్తకం. 2000లో వచ్చిన ఏడో కూర్పు నాటికి 157 దేశాల్లోని 1642 కాలేజీలు అందులో ఉన్నాయి. తర్వాత పుస్తకాలు పోయి కంప్యూటర్లు వచ్చాయి. అమెరికాలో ఫిలడెల్ఫియా నుంచి ఫెయిమర్ అనే సంస్థ 2002లో తన జాబితా ఒకటి పెట్టింది. కోపెన్‌హేగన్ విశ్వవిద్యాలయం నుంచి అవిసెన్నా డైరెక్టరీ అని ఇంకొకటి వచ్చింది. ఒకే పనికి రెండు జాబితాలెందుకని 2014లో రెండింటినీ కలిపేశారు. ఇప్పుడందులో మూడున్నర వేలకు పైగా కాలేజీలున్నాయి.

ఆ అవిసెన్నా పేరు దగ్గర కాస్త ఆగాలి. అవిసెన్నా అంటే ఇబ్న్ సీనా. వెయ్యేళ్ళ కిందట బుఖారా దగ్గర పుట్టాడు. పదహారేళ్ళకే తనకు వైద్యం పట్టుబడిందనీ, పెద్ద పెద్ద వైద్యులు వచ్చి తన దగ్గర చదువుకునేవారనీ తనే రాసుకున్నాడు. మీసాలు సరిగ్గా రాకముందే బుఖారా ప్రభువుకి వైద్యం చేశాడు. ఆయన రాసిన వైద్యగ్రంథాన్ని యూరప్ విశ్వవిద్యాలయాలు వందల ఏళ్ళు పాఠ్యపుస్తకంగా చదివించాయి. అంతటివాడు ఇవాళ ఢిల్లీలో దిగితే ఆయన ఫైలు మొదటి కౌంటర్ దాటదు. నీట్ రాయలేదు. 54 నెలల కోర్సు చెయ్యలేదు. 12 నెలల ఇంటర్న్‌షిప్ సర్టిఫికెట్ లేదు. మీడియం ఇంగ్లీషు కాదు, అరబ్బీ. కాలేజీ మొహమే చూడలేదు కనుక, తన పేరు పెట్టుకున్న డైరెక్టరీలోనే ఆయన చదివిన కాలేజీ దొరకదు. ఆయన పుట్టిన ఆ బుఖారాకే, ఆయన పేరు పెట్టుకున్న వైద్య సంస్థలోకే, ఇప్పుడు మన దేశపు పిల్లలు విమానాలెక్కి వెళ్తున్నారు. ఆ సంస్థ మంచిచెడ్డలు వేరే సంగతి. గురువుగారికి లేని అర్హత, అంటే జాబితాలో పేరు, దానికి ఉంది.

డైరెక్టరీలో ఒక కాలేజీ పేరు నొక్కితే ఏం కనిపిస్తుంది? ఊరు, చిరునామా, పాఠాలు మొదలెట్టిన సంవత్సరం, కోర్సు ఎన్నేళ్ళు, ఏ భాషలో చెబుతారు, పరాయి దేశపు పిల్లల్ని చేర్చుకుంటారా లేదా. ఎఫ్ అక్షరంతో మొదలయ్యే ఒక నంబరు. కాలేజీ నడుస్తోందా, మూతపడిందా అన్న ముక్క. మూతపడ్డ కాలేజీలను కూడా జాబితాలోంచి తీసెయ్యరు. తీసేస్తే ముప్ఫై ఏళ్ళ కిందట అక్కడ చదివిన డాక్టరు తన పట్టా పట్టుకుని ఎవరి గుమ్మం ఎక్కాలి? న్యాయమే.

కనిపించనివి ఏమిటంటే, ఆస్పత్రిలో మంచాలెన్ని, ఆ మంచాల మీద రోగులెందరు, నాలుగో ఏడు కుర్రాడు ఒక్క కాన్పయినా దగ్గరుండి చూశాడా, కడుపునొప్పితో వచ్చిన ముసలమ్మతో ఏ భాషలో మాట్లాడతాడు అన్నవి. పుస్తకం ఇంగ్లీషులో ఉంటుంది, రోగి రష్యన్‌లోనో జార్జియన్‌లోనో మూలుగుతాడు, మనవాడు తెలుగులో కంగారు పడతాడు. దానికి కాలమ్ లేదు.

జాబితాలోకి పేరెక్కడం ఎలాగంటే, ఫలానా కాలేజీ మా అనుమతితోనే నడుస్తోందని ఆ దేశంలో అధికారం ఉన్నవాళ్ళు చెప్పాలి. డైరెక్టరీవాళ్ళు ఆ ఊరు పోయి, ల్యాబు తలుపులు తీయించి, శవాలు లెక్కపెట్టరు. లెక్కపెడతామని ఎవరికీ మాటివ్వలేదు కూడా. కరీబియన్ సముద్రంలో మన మండలమంత జనాభా లేని దీవులకీ ప్రభుత్వాలున్నాయి, మంత్రులున్నారు, రబ్బరు స్టాంపులున్నాయి. ఒక దీవిలో చార్టరు, దాని మీదే క్లాసులు, తర్వాత క్లినికల్ రొటేషన్లకి ఇంకో దేశం. అలాంటివాటిలో చదివి మంచి డాక్టర్లయినవాళ్ళు ఉన్నారు, కాదనను. కానీ మంచివాటికీ మాయదారివాటికీ జాబితాలో ఒకే సైజు అక్షరాలు.

ఇప్పుడు కథ మన వీధిలోకి వస్తుంది. అమీర్‌పేటలోనో, బెజవాడ బెంజ్ సర్కిల్ దగ్గరో రెండో అంతస్తులో ఏసీ గది. గోడ మీద గ్లోబు బొమ్మ, తెల్లకోట్లేసుకున్న నవ్వు మొహాలు, కింద పెద్దక్షరాలతో 'డబ్ల్యూహెచ్ఓ రికగ్నైజ్డ్, ఎన్ఎంసీ అప్రూవ్డ్, ఆంధ్రా మెస్ కలదు'. ఈ మూడింటిలో ఏదైనా నిజమయ్యే అవకాశముంటే అది మూడోది. కౌన్సెలర్‌కి ఇరవై అయిదేళ్ళుంటాయి, మెడలో ట్యాగు. ఎదురుగా మిర్చి అమ్మి వచ్చిన పల్నాటి రైతు, పక్కన నీట్‌లో అర్హత మార్కు తాకి ఆగిపోయిన కొడుకు.

"బాబాయ్ గారూ, ఇటు చూడండి. ఇది ప్రపంచ డైరెక్టరీ. మనం రాసింది కాదు, మనం మారిస్తే మారేదీ కాదు. ఇందులో కాలేజీ పేరుందా?"

"ఉంది బాబూ."

"పక్కనేం రాసుంది? కరెంట్లీ ఆపరేషనల్. అంటే?"

"నడస్తా ఉందనే గదా."

"అదీ! ప్రపంచమే ఒప్పుకున్నాక ఇంకెవరు ఒప్పుకోవాలి?"

రైతు కొడుకు వైపు చూస్తాడు. కొడుకు ఫోను వైపు చూస్తాడు. మౌస్ చక్రం కిందికి ఇంకో రెండు చుట్లు తిరిగితే స్పాన్సర్ నోట్స్ అనే మాట కనిపిస్తుంది. అమెరికాలోనో కెనడాలోనో పరీక్ష రాయడానికి ఈ కాలేజీ పట్టా పనికొస్తుందా లేదా, ఏ సంవత్సరం నుంచి ఏ సంవత్సరం దాకా పనికొస్తుంది అన్న అసలు సరుకు అందులోనే ఉంటుంది. ఆ చక్రం అక్కడిదాకా తిరగదు. కౌన్సెలర్ వేలికి ఎక్కడ ఆగాలో బాగా తెలుసు.

"మరి మన దేశంలో చెల్లుద్దా బాబూ?"

"వచ్చాక చిన్న పరీక్షుంటుంది బాబాయ్ గారూ. ఫార్మాలిటీ."

ఆ ఫార్మాలిటీ పేరు ఎఫ్ఎంజీఈ. 2002 నుంచి ఉంది. 300 ప్రశ్నలు, 150 వస్తే పాసు, తప్పుకి కోత లేదు. ఏటా రెండుసార్లు పెడతారు. చాలా దఫాల్లో రాసిన అయిదుగురిలో నలుగురు తప్పుతున్నారు. మన దేశంలో ఇంత నమ్మకంగా ఫలితం ఇచ్చే ఫార్మాలిటీ ఇంకొకటి లేదు.

పోనీ ఈ పాపం ఎవరిదని అడగబోతే, తిలాపాపం తలా పిడికెడు. ప్రపంచ ఆరోగ్య సంస్థ తలుపు తట్టండి. ఏ కాలేజీకీ గుర్తింపు ఇచ్చే అధికారం మాకు లేనేలేదు అంటుంది. నిజమే, దానికి ఎప్పుడూ లేదు. డైరెక్టరీని అడగండి. మా జాబితాలో పేరున్నంత మాత్రాన దాన్ని మేం గుర్తించినట్టూ కాదు, మెచ్చినట్టూ కాదు అని నిక్కచ్చిగా రాసుంటుంది. అబద్ధమాడని ఆడపడుచు. వైద్యవిద్య ప్రపంచ సమాఖ్య, అదే డబ్ల్యూఎఫ్ఎంఈ, దగ్గరికి వెళ్ళండి. మేం కాలేజీలను గుర్తించం, కాలేజీలను తనిఖీ చేసే సంస్థలను గుర్తిస్తాం అంటుంది. ఢిల్లీలో జాతీయ వైద్య కమిషన్‌ను, అదే ఎన్ఎంసీని, అడగండి. విదేశీ కాలేజీల ఆమోదిత జాబితా ఏదీ మా దగ్గర లేదు, నిబంధనలు చదువుకుని మీరే చూసుకోండి అంటుంది. చివరికి కన్సల్టెన్సీ ఒప్పంద పత్రం వెనక పేజీ తిప్పండి. మేం సమాచారం మాత్రమే అందజేస్తాం, కట్టిన సర్వీసు చార్జీలు వాపసు ఇవ్వబడవు. అందరి చేతులూ శుభ్రంగా ఉన్నాయి. ఖాళీగా ఉన్న చేతులు ఆ మిర్చి రైతువి మాత్రమే.

ఈ తనిఖీ సంస్థల తనిఖీ సంస్థ వెనక ఒక ముచ్చటైన కథ ఉంది. బయటి దేశాల్లో చదివి అమెరికాలో డాక్టరు పని చెయ్యాలంటే ఈసీఎఫ్ఎంజీ అనే సంస్థ సర్టిఫికెట్ కావాలి. 2010లో అది ఒక బాంబు పేల్చింది. 2023 నుంచి, డబ్ల్యూఎఫ్ఎంఈ గుర్తించిన సంస్థ తనిఖీ చేసిన కాలేజీల వాళ్ళకే తలుపు తీస్తాం అంది. ఇంకేం, దేశదేశాల్లో కంగారు పుట్టింది. తనిఖీ సంస్థ లేని దేశం తనిఖీ సంస్థ పెట్టింది. ఉన్న దేశం దానికి గుర్తింపు తెచ్చుకోడానికి అర్జీలు రాసింది. ఇంతలో కొవిడ్ వచ్చింది, గడువు 2024కి జరిగింది. తీరా గడువు దగ్గరపడ్డాక, తప్పనిసరి కాదులెండి, ఉందో లేదో పక్కన రాసి చూపిస్తాం అన్నారు. పద్నాలుగేళ్ళ పరుగు చివర్లో తేలిందేమిటయ్యా అంటే మళ్ళీ ఒక కాలమ్.

ఆ పరుగులో మనమూ ఉన్నాం. 2023 సెప్టెంబరులో మన జాతీయ వైద్య కమిషన్‌కి డబ్ల్యూఎఫ్ఎంఈ గుర్తింపు పదేళ్ళకు వచ్చింది. అప్పటికి దేశంలో ఉన్న 706 కాలేజీలకూ ఒక్క దెబ్బతో ఆ వెలుగు సోకింది. మంచిదే, మన పిల్లలు అమెరికా, కెనడా, ఆస్ట్రేలియా వెళ్ళడానికి దారి నున్నబడింది. కానీ కమిషన్‌కి వచ్చిన దండని ఏ కాలేజీకి ఆ కాలేజీ మెళ్ళో వేసుకుని ఫొటో దిగితే ఎలా? తనిఖీ చేసేవాడు యోగ్యుడని సమాఖ్య చెప్పిందే గానీ, తనిఖీ రోజున వ్యాన్లలో దించిన అద్దె రోగులు నిజమైన రోగులని చెప్పలేదు. ఆ రోజు పొద్దున్నే పక్క ఊళ్ళోంచి దిగి, మధ్యాహ్నం బిర్యానీ తిని, సాయంత్రం కవరు పుచ్చుకుని వెళ్ళే ప్రొఫెసర్ల గురించీ చెప్పలేదు. 2025లో సీబీఐ ఈ తనిఖీల లంచాల ఆరోపణల మీదే కేసు కట్టింది. కోర్టులు తేలుస్తాయి, మనం తొందరపడొద్దు. ఒకటి మాత్రం అనొచ్చు. విదేశీ కాలేజీల నాణ్యత మీద ఉపన్యాసమిచ్చే ముందు మనం మన వార్డుల్లో దుప్పట్ల కింద ఎవరున్నారో ఓసారి ఎత్తి చూడాలి.

పిల్లలు అసలు ఎందుకు పోతున్నారన్నది అందరికీ తెలిసిన లెక్కే. నీట్ రాసేవాళ్ళు ఇరవై లక్షల పైమాట. దేశంలో ఎంబీబీఎస్ సీట్లు లక్ష పైచిలుకు. అందులో సగానికి దగ్గరగా ఉండే ప్రైవేటు కాలేజీల్లో బీ కేటగిరీ ఫీజు వింటే మధ్యతరగతివాడికి అక్కడికక్కడే వైద్యం అవసరమవుతుంది. ఇంటికొక డాక్టరుండాలన్న మన తెలుగు మొండితనం సంగతి చెప్పనే అక్కర్లేదు. పెళ్ళిళ్ళ మార్కెట్‌లో ఆ రెండక్షరాల విలువ తెలిసిన జాతి మనది. అందుకే ఫిలిప్పీన్స్‌లోని దావావ్‌లో ఆంధ్రా మెస్సులు వెలిశాయి, బిష్కెక్‌లో వినాయకచవితి పందిళ్ళు లేస్తున్నాయి. పంపిన తండ్రిని మూర్ఖుడనడం తేలిక. ఆయన మూర్ఖుడు కాడు. ఇంగ్లీషులో, కంప్యూటర్ తెర మీద, ప్రపంచం అనే పేరుతో కనిపించినదాన్ని నమ్మాడు. పట్టాదారు పాస్ పుస్తకంలో పేరుంటే భూమి తనదేనని నమ్మే మనిషి, కాలేజీల పుస్తకంలో పేరుంటే కాలేజీ నికరమైనదేనని నమ్మడంలో వింతేముంది?

2021 నవంబరులో కమిషన్ కొత్త నిబంధనలు తెచ్చింది. కనీసం 54 నెలల చదువు, అదే సంస్థలో 12 నెలల ఇంటర్న్‌షిప్, ఇంగ్లీషు మీడియం, చదివిన దేశంలో అక్కడి పౌరులతో సమానంగా డాక్టరుగా పనిచేసే లైసెన్సుకి అర్హత. ఆ చివరి షరతు చూశారా, ఎంత ముద్దొస్తుందో! మీ దేశంలో మీరు డాక్టరుగా పనికి రానివ్వని మనిషిని మా దేశానికి డాక్టరని పంపకండి అని తేట తెలుగులో దానర్థం. ఇన్నేళ్ళుగా మనం దిగుమతి చేసుకున్న పట్టాల్లో కొన్ని ఎగుమతికి మాత్రమే తయారైన సరుకని దానితోనే తేలిపోయింది. ఫిలిప్పీన్స్‌లో డాక్టరు కోర్సుకి ముందు చదివే బీఎస్ కాలాన్ని వైద్యవిద్యగా లెక్కకట్టబోమని కమిషన్ చెప్పేసరికి, దాన్నీ కలిపి లెక్క చెప్పి పంపినవాళ్ళ ఫోన్లు ఒక్కసారిగా కవరేజి ఏరియా దాటిపోయాయి. కాలేజీ మాత్రం జాబితాలో చెక్కుచెదరలేదు. చెదరాల్సిన పనీ లేదు, అది ఏ తప్పూ చెయ్యలేదు.

అంతకు ముందే వచ్చిన కొవిడ్, దాని వెనకే 2022లో ఉక్రెయిన్ యుద్ధం. బంకర్లలోంచి బతుకుజీవుడా అని వచ్చిన వేల మంది పిల్లలు ఫోన్‌లో క్లాసులు విన్నారు. ఫోన్‌లో గుండె చప్పుడు వినడం నేర్చుకున్నారు. అలా నేర్చుకున్నది చాలదు, ఇక్కడ ఇంటర్న్‌షిప్ ఏడాది కాదు, రెండేళ్ళు, కొందరికి మూడేళ్ళు చెయ్యమన్నారు. రోగి వైపు నుంచి చూస్తే తప్పనలేం. కుర్రాడి వైపు నుంచి చూస్తే, పద్దెనిమిదో ఏట ఎక్కిన విమానం ముప్ఫయ్యో ఏటికీ దిగలేదు.

వైద్య కళాశాలలకే ఇంత గొడవుంటే, మిగతా ఆరోగ్య చదువుల సంగతి మరీ బావుంది. దంతవైద్యానికీ, ఫార్మసీకీ, ఆఖరికి పశువైద్యానికీ కూడా ఒకప్పుడు ప్రపంచ ఆరోగ్య సంస్థ ఇలాంటి డైరెక్టరీలు వేసింది. ఇప్పుడు నర్సింగుకో ఫిజియోథెరపీకో పిల్లని బయటికి పంపే తల్లికి చూపించడానికి ఇంత పేరున్న జాబితా కన్సల్టెన్సీ చేతిలో లేదు. అందుకని వాళ్ళు అధైర్యపడలేదు. సొంత జాబితా సొంత ప్రింటర్ మీద తీసుకుంటున్నారు.

ఇంతకీ, తండ్రులు చూడాల్సిన జాబితా లేకపోలేదు. ఎఫ్ఎంజీఈ పెట్టే జాతీయ పరీక్షల బోర్డు 2015 నుంచి 2018 దాకా ఏ దేశం, ఏ కాలేజీ నుంచి ఎందరు రాశారు, ఎందరు పాసయ్యారు అని వరసగా బయటపెట్టింది. రంగుల బొమ్మల్లేవు, గ్లోబు లేదు. ఎండిపోయిన పట్టికలు, పేజీలకు పేజీలు. రాసినవాళ్ళలో ఒక్కడూ గట్టెక్కని కాలేజీలూ అందులో కనిపిస్తాయి. ప్రపంచ డైరెక్టరీలో వాటి పక్కన ఉన్న ఎఫ్ నంబరుకీ, ఈ పట్టికలో ఉన్న సున్నాకీ మధ్య దూరం పాతిక లక్షలు.

ఆ పట్టిక ప్రింటు తీసుకుని వెళ్ళి ఆ రెండో అంతస్తు గదిలో కూర్చోండి. "అది పాత లెక్క బాబాయ్ గారూ, ఇప్పుడు మేనేజ్‌మెంట్ మారింది" అంటాడు కౌన్సెలర్. కొత్త లెక్క చూపించమనండి. సర్వర్ డౌన్ అంటాడు. మీరు పంపినవాళ్ళలో పాసైనవాళ్ళెందరో చెప్పమనండి. డేటా హెడ్డాఫీసులో ఉందంటాడు. స్పాన్సర్ నోట్స్ తెరిచి చూపించమనండి. వైఫై పోయిందంటాడు. అడ్వాన్సు కోసం బల్ల మీద నిలబెట్టిన క్యూఆర్ కోడ్‌కి మాత్రం సిగ్నల్ నిండుగా ఉంటుంది.